అంతర్వేది ఇసకలో పాపికొండలు

కోనసీమలో రాయి పుట్టదు. అంతర్వేది నుంచి రావులపాలెం దాకా ఎక్కడ తవ్వినా ఒండ్రు, లేకపోతే ఇసక. గుడి మెట్లకీ కాలవ లాకులకీ వాడిన రాయంతా ఎగువ నుంచి దించుకున్నదే. అయినా తూర్పు కనుమలు చూడబోయేవాళ్ళని అంతర్వేది పల్లిపాలెం ఒడ్డు నుంచే మొదలుపెట్టమంటాను. కొండ అక్కడ పొడిపొడిగా పడి ఉంది. ఆ పొడి ఎక్కడిదో చూసుకుంటూ మేం గోదావరికి ఎదురు, పాపికొండల దాకా వెళ్ళాం.

నరసాపురం వైపు నుంచి అయితే పంటు మీద గోదావరి పాయ వశిష్ఠ దాటి సఖినేటిపల్లి రేవులో దిగాలి. ఇసక చూడ్డానికి పొద్దున్నే, పోటు తీసిన గంటా రెండు గంటల్లో ఒడ్డుకి చేరడం మేలు. కెరటం పైకి వచ్చేటప్పుడు అన్ని రేణువుల్నీ మోసుకొస్తుంది. వెనక్కి జారేటప్పుడు తేలికైన తెల్ల క్వార్ట్జ్‌ని లాక్కుపోయి బరువైనవాటిని వదిలేస్తుంది, చేటలో బియ్యం చెరిగినట్టే. పోటు గీత పొడవునా కనిపించే నల్ల చారలు అలా ఏర్పడినవే. తుపాను వెళ్ళిన వారంలో ఇవి దట్టంగా ఉంటాయి. ఎండాకాలం గాలికి తెల్ల ఇసక కమ్మేస్తుంది కాబట్టి నాలుగు వేళ్ళ లోతు గీరి చూడాలి, నలుపూ తెలుపూ పొరలు పొరలుగా బయటపడతాయి.

పాత స్పీకర్లోంచి తీసిన అయస్కాంతం ఒకటి, పదిరెట్లు చూపించే భూతద్దం ఒకటి ఉంటే చాలు. అయస్కాంతాన్ని ప్లాస్టిక్ కవర్లో చుట్టాలి. ఉత్తిగా పెడితే అంటుకున్న రేణువుల్ని ఊడదీయడం అయ్యే పని కాదు. ఇసక పూర్తిగా ఆరాలి, తడిగా ఉంటే రేణువులు ముద్దకట్టి ఏదీ విడిగా లేవదు. కాగితం మీద పల్చగా పరిచి అయస్కాంతం పైన ఆడిస్తే, ఎగిరి అంటుకునేది మాగ్నటైట్ అనే ఇనుప ఖనిజం. మహారాష్ట్ర నల్లరాతి నేలల నుంచి గోదావరి మోసుకొచ్చింది కూడా ఇందులో ఉంటుంది, కాబట్టి కొండల జాడకి ఇది పనికిరాదు. నల్లగానే ఉండి మామూలు అయస్కాంతానికి బద్ధకంగా కదిలేది ఇల్మెనైట్. మనం వెతకాల్సినవి మిగిలినవాటిలో ఉన్నాయి: గులాబీ రంగు గార్నెట్ గింజలు, సన్నటి గాజు పుల్లల్లాంటి సిల్లిమనైట్. లావా గడ్డకట్టిన రాతిలో ఈ రెండూ జతగా ఉండవు. బంకమట్టి లాంటి పాత మేటలు భూమి లోపల మహా వేడికీ ఒత్తిడికీ మారిపోతే పుట్టే రాయి ఖొండలైట్, అందులో ఉంటాయి. తూర్పు కనుమల్లో ముఖ్యమైన రాయి అదే. చూశాక ఇసక అక్కడే వదిలెయ్యండి. ఇందులో మోనజైట్ లాంటి అణు ఖనిజాలు కూడా ఉంటాయి, ఊరికే ఎత్తుకుపోయే సరుకు కాదు.

అన్నాచెల్లెళ్ళ గట్టు దగ్గర మాత్రం నీళ్ళలోకి దిగొద్దు. ఏరూ సముద్రమూ కలిసే చోట ఇసక మేట ఇవాళ ఉన్నచోట రేపు ఉండదు, కాలి కింద నుంచే జారిపోతుంది. పల్లిపాలెం వైపు ఒడ్డు కోసుకుపోతూనే ఉంది. ఎగువన కట్టిన జలాశయాల వెనక ఒండ్రు ఆగిపోవడం దీనికి పెద్ద కారణం. పొడి రావడం తగ్గింది, కెరటం తీసుకెళ్ళడం తగ్గలేదు.

రాజోలు మీదుగా పైకి వస్తుంటే నేల చదునుగా ఉన్నట్టే ఉంటుంది గానీ కాదు. మెరక మీద కొబ్బరీ ఊరూ రోడ్డూ, పల్లంలో వరి, మళ్ళీ మెరక. సముద్రానికి దగ్గర్లో ఉన్న ఈ ఇసక మెరకలు ఒకప్పటి ఒడ్డులు. డెల్టా ముందుకి జరిగినకొద్దీ ఒక్కొక్కటే వెనకపడిపోయాయి. వర్షం పడ్డ మర్నాడు వెళ్తే తేడా ఇంకా బాగా తెలుస్తుంది, పల్లంలో నీళ్ళు నిలిచే ఉంటాయి, మెరక ఆరిపోతుంది.

ధవళేశ్వరం దగ్గర డెల్టా తల. 1847లో మొదలుపెట్టి 1852 నాటికి కాటన్ దొర ఆనకట్ట కట్టించాడు. ఇప్పుడున్న బ్యారేజీ 1970 తరవాత కట్టింది. బ్యారేజీ నాలుగు ముక్కలు, ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం, మధ్యలో లంకలు. ముక్కలన్నీ కలిపితే మూడున్నర కిలోమీటర్ల పైమాటే. ఈ వెడల్పు గుర్తుపెట్టుకోవాలి, కొండల్లోకి వెళ్ళాక పనికొస్తుంది.

రాజమండ్రి దాటాక అందరూ తిన్నగా బోటు దగ్గరికి పరుగెడతారు. అవతలి ఒడ్డున కొవ్వూరు మీదుగా పంగిడి, గౌరీపట్నం వైపు ఒక పూట కేటాయించడం మంచిదని నా అభిప్రాయం. అక్కడి క్వారీల్లో తీసే నల్లరాయి తూర్పు కనుమలది కాదు. సుమారు ఆరున్నర కోట్ల ఏళ్ళ కిందట పడమటి కనుమల వైపు నుంచి ఇంత దూరం పారి వచ్చిన లావా అని భూగర్భ శాస్త్రజ్ఞులు చెబుతారు. లావా పొరల నడుమ సన్నటి సున్నపురాయి పొర ఉంటుంది, అందులో నత్త గుల్లల శిలాజాలున్నాయి. రెండు లావాలకీ మధ్య కాలంలో ఇక్కడ నీళ్ళు నిలిచాయన్నమాట. క్వారీ లోపలికి యజమాని ఒప్పుకుంటేనే వెళ్ళాలి. మందు పేల్చే వేళ ముందే కనుక్కోవాలి.

ఇక బోటు. ఈ వైపు నుంచి గండి పోచమ్మ దగ్గరా, పురుషోత్తపట్నం దగ్గరా ఎక్కిస్తారు. భద్రాచలం వైపు నుంచి వచ్చేవాళ్ళకి పోచవరం. 2019 సెప్టెంబరులో కచ్చులూరు దగ్గర బోటు మునిగాక తనిఖీలు పెరిగాయి. ఆధార్ కార్డు పట్టుకెళ్ళాలి, లైఫ్ జాకెట్ కూర్చోవడానికి కాదు, తొడుక్కోవడానికి. వానాకాలంలో వెళ్ళాలనుకుంటే ముందు భద్రాచలం నీటిమట్టం చూసుకోవాలి. అక్కడ మొదటి ప్రమాద హెచ్చరిక 43 అడుగులు, బోట్లు అంతకన్నా చాలా ముందే ఆపేస్తారు. అటు శబరి కూడా పొంగితే కూనవరం దగ్గర గోదావరిని వెనక్కి ఎగదన్నుతుంది, వరద తియ్యడానికి ఎక్కువ రోజులు పడుతుంది.

ధవళేశ్వరం దగ్గర కిలోమీటర్లలో కొలిచిన ఏరు పాపికొండల నడుమ కొన్ని చోట్ల మూడు వందల మీటర్ల లోపుకి కుదించుకుపోతుంది. వచ్చే నీరు అంతే, కాబట్టి లోతూ వేగమూ పెరగాలి. మలుపు బయటి వైపు వడి ఎక్కువ, లోపలి వైపు తక్కువ. ఎగువకి వెళ్ళేటప్పుడు సరంగు లోపలి ఒడ్డు పట్టుకుని నడిపేది అందుకే. రాతి ముక్కు నదిలోకి పొడుచుకొచ్చిన చోట దాని వెనక సుడి తిరుగుతుంది. పైకి నీరు నున్నగా కనిపించినా అక్కడ ఈతకి దిగకూడదు.

ఇక్కడ ఏరు కొండని అడ్డంగా కోసింది. కనుమల వరసలు ఈశాన్యం నుంచి నైరుతికి సాగుతాయి, గోదావరి వాయవ్యం నుంచి ఆగ్నేయానికి వస్తుంది. అందుకే రెండు పక్కలా రాతి పొరల అంచులు తెగినట్టు కనిపిస్తాయి. తుప్పు రంగు మరకలతో చారలుగా ఉన్నది ఖొండలైట్. చారలు పెద్దగా లేకుండా, నూనె రాసినట్టు ముదురు నీలిబూడిద రంగులో దిట్టంగా నిలబడ్డది చార్నొకైట్ అనే మరో రాయి. ఖొండలైట్ వానకీ ఎండకీ తొందరగా చివుకుతుంది, చార్నొకైట్ మొండిది.

అందరూ నవంబరు నుంచి జనవరి దాకా వెళ్ళమంటారు. పచ్చదనానికి అది సరే. పొద్దున్న మంచు విడిచేదాకా బోటు కదలదు, చీకటి పడకముందే తిరిగి రావాలి. రాయి చూడాలంటే ఫిబ్రవరి చివర నుంచి మార్చి నయం, ఇది ఆకురాల్చే అడవి కనుక అప్పటికి కొండ బయటపడుతుంది. కాకపోతే ప్రాజెక్టు పని కోసం ఏటికి అడ్డంగా వేసిన తాత్కాలిక కట్ట, పోలవరం కాఫర్‌డ్యామ్ వచ్చాక నీటిమట్టం మునుపటిలా దిగడం లేదు. ఒడ్డు రాళ్ళూ ఇసక తిన్నెలూ చాలా చోట్ల నీటి కిందే ఉంటున్నాయి, దేవీపట్నం చుట్టుపక్కల ఊళ్ళే మునిగాయి.

పేరంటపల్లిలో బోటు కాసేపే ఆపుతారు. గుడి చూసి వచ్చాక, కొండ మీంచి దిగే సెలయేటి గుండ్రాళ్ళు ఒకసారి తిరగేసి చూడండి. పాత రాయి పైన బొబ్బల్లా గార్నెట్లు లేచి ఉంటాయి, చుట్టూ ఉన్న మెత్తటి భాగం అరిగి అవి మిగిలాయి. అంతర్వేదిలో భూతద్దం కింద కనిపించిన గులాబీ గింజ ఇక్కడ కంటికే ఆనుతుంది.

బోటు దొరకని రోజుల్లో రంపచోడవరం మీదుగా మారేడుమిల్లి ఘాటు రోడ్డు ఎక్కవచ్చు, రాజమండ్రి నుంచి మారేడుమిల్లి సుమారు ఎనభై అయిదు కిలోమీటర్లు. రోడ్డు కోసం కొండని కోసిన చోట లోపలి తాజా రాయి కనిపిస్తుంది. చివికిన ఖొండలైట్ చేత్తో నలిపితే పొడవుతుంది, ఆ పొడిలోనే గార్నెట్ గింజలు ఏరుకోవచ్చు. వానలు పడుతున్నప్పుడు మాత్రం ఆ కోతల కింద బండి ఆపొద్దు, చారల వెంబడి నీరు దిగి పలకలు పలకలుగా జారతాయి.