గుమ్మంలోంచి వచ్చిన నింజా

జపాన్‌లో పిల్లల్ని పెంచేవాళ్లకి నింజాలు తప్పరు. పెన్సిల్ డబ్బా మీద, బిస్కెట్ ప్యాకెట్ మీద, బడి పండగలో వేసే నాటకంలో, అన్నిచోట్లా వాళ్లే. హైదరాబాద్‌లో మా అక్క పిల్లలు కూడా హత్తోరి కార్టూన్ చూస్తూనే పెరిగారు. మావాడు మాత్రం పదేళ్లకే కార్టూన్లు దాటి సినిమాల్లోకి వచ్చేశాడు. వాడికి నచ్చేవి ఒకే రకం. అర్ధరాత్రి, కొండ మీద గుడి, పెంకుల మీద చప్పుడు కాకుండా పాకే నల్లముసుగులు, తాడు పట్టుకుని దిగడం, కాపలావాడి నోరు నొక్కడం, ఆపైన బుద్ధుడి విగ్రహం ముందే కత్తులు దూయడం.

రాజమండ్రి నుంచి వీడియో కాల్‌లో ఉన్న మా అమ్మ ఒకసారి వెనకాల టీవీ చూసి ఉలిక్కిపడింది. "గుళ్లో కత్తులేంటే? పిల్లాడికి అవేనా చూపించేది?" అంది. మా ఆయన "సినిమానే కదండీ అత్తయ్యా" అని సర్దిచెప్పారు. నాకు మాత్రం అమ్మ మాట మనసులో ఉండిపోయింది. నా దిగులు కత్తుల గురించీ రక్తం గురించీ కాదు. మేముండేది టోక్యోలో, నిషికసాయి దగ్గర. వినాయక చవితికి తెలుగువాళ్లమంతా ఒక హాలు అద్దెకు తీసుకుని పూజ చేసుకుంటాం, సాయంత్రానికి ఖాళీ చేసి తాళాలిచ్చేస్తాం. తెల్లవారుజామున గంట మోగే గుడి, పూజారి గారు పేరు పెట్టి పిలిచే గుడి, ప్రసాదం కోసం పిల్లలు తోసుకునే గుడి వాడి రోజువారీ బతుకులో లేవు. గుడి అంటే పైకప్పు ఎక్కి దూకే చోటు అన్న బొమ్మే వాడి మనసులో ముందు పడిపోతోందని నా టెన్షన్.

సినిమాలు ఆపెయ్యాలని నాకు అనిపించలేదు. ఆ గుళ్లలో ఎవరుండేవాళ్లో వాడికి తెలిస్తే చాలనిపించింది. వాడితో కలిసి చదవడం మొదలుపెట్టాను. ఇక్కడి బళ్లలో చరిత్ర ఆరో తరగతిలో వస్తుంది, మావాడు ఐదు. బడి చెప్పేలోపు ఇంట్లో మాట్లాడుకోవడానికి ఏడాది ఉంది.

చదివేకొద్దీ అమ్మ ప్రశ్నకి జవాబు దొరికింది. అప్పట్లో గుళ్లలో నిజంగానే కత్తులుండేవి. క్యోటో పక్కన హిఎయి కొండ మీద ఎన్ర్యకుజి మఠానికి సొంతంగా ఆయుధాలు పట్టే సన్యాసులుండేవాళ్లు. 1571లో ఓదా నొబునగా అనే యుద్ధనాయకుడు ఆ కొండని చుట్టుముట్టి తగలబెట్టించాడు. ఈనాటి ఒసాకా కోట ఉన్న చోట అప్పుడు ఇషియామా హొంగాన్‌జి అనే పెద్ద గుడి ఉండేది. అది 1570 నుంచి 1580 దాకా అదే నొబునగాకి లొంగకుండా నిలబడింది. కందకాలు, గోడలు, లోపల వేలమంది భక్తులు. ఆ గుడి కోటకేం తీసిపోదు.

మావాణ్ని బాగా కదిలించింది 1581 సంగతి. ఆ ఏడాది నొబునగా సైన్యం షినోబీల, అంటే నింజాల, సొంత ప్రాంతమైన ఇగా మీద పడింది. ఊళ్లతో పాటు అక్కడి గుళ్లూ కాలిపోయాయి. సినిమాలో గుడి మీద దూకేవాడే నింజా. ఇక్కడ తన గుడి కాలిపోతుంటే చూసినవాడు కూడా అతనే. వాడు చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత "మరి వాళ్ల దేవుళ్లు?" అని మాత్రం అడిగాడు.

ఆ మరుసటి ఏడాదే, 1582లో, నొబునగా క్యోటోలో హొన్నోజి అనే గుళ్లో కొద్దిమందితో బస చేసినప్పుడు సొంత సేనాని అకెచి మిత్సుహిదె తెల్లవారుజామున సైన్యంతో చుట్టుముట్టాడు. నొబునగా అక్కడే చచ్చిపోయాడు, గుడి కాలిపోయింది. గుడి మీద దాడుల్లో జపాన్‌లో దీన్ని మించి పేరుపడ్డది లేదు. దాన్ని చేసింది నింజాలు కాదు, జెండాలు పట్టిన సైన్యం. 1962లో ఇచికావా రాయిజో హీరోగా మొదలైన 'షినోబి నో మోనో' సినిమాల వరసలో రెండోది ఆ రాత్రిలోకి గోఎమోన్ అనే షినోబీని తెచ్చి పెట్టింది. ఆ సినిమాలు మా ఆయనా నేనూ చూశాం. చాలా మంచి సినిమాలు, కానీ పదేళ్ల పిల్లాడికి చూపించేవి కావు. కథలో ఎక్కడ చరిత్ర ఆగిందో, ఎక్కడ కల్పన మొదలైందో మాత్రం వాడికి విప్పి చెప్పాను.

అసలు షినోబీలు గుళ్లోకి ఎలా వెళ్లేవాళ్లు? 1681 నాటి 'షోనిన్‌కి' అనే పుస్తకంలో వాళ్లు వేసే ఏడు వేషాలు రాసి ఉన్నాయి. వేణువు ఊదుతూ తిరిగే కొముసో సాధువు, బౌద్ధ సన్యాసి, కొండల్లో తపస్సు చేసే యమబుషి, వ్యాపారి, గారడీవాడు, నాటకాలాడేవాడు, చివరగా మామూలు మనిషి. ఒళ్లంతా నల్లబట్టలన్నది నాటకాల వేదిక నుంచి వచ్చిందని పరిశోధకులు చెబుతారు. పెంకులెక్కే పనే లేకుండా పట్టపగలు గుమ్మంలోంచి చేతులు జోడించుకుని వచ్చి, అందరితో పాటు కూర్చుని, వాళ్ల మంత్రం తప్పు లేకుండా చదవగలిగినవాడే గట్టివాడు. మావాడికి ఇది ఏ దూకుడుకన్నా గొప్పగా అనిపించింది.

ఆ రాత్రి అన్నం తింటూ వాడన్నాడు: "నేనూ అంతే కదమ్మా. బళ్లో ఒకలా, ఇంట్లో ఒకలా."

నాకు ముద్ద దిగలేదు. షినోబి వేషం వేసేది తానెవరో అవతలివాళ్లకి తెలియకూడదని, నువ్వు అలా కాదు, నీ పేరు అందరికీ తెలుసు, మన ఊరు తెలుసు, నువ్వు నమస్కారం పెట్టినా నడుం వంచినా రెండూ నీవే అని చెప్పాను. వాడు విని "మరి ఎన్‌సొకు రోజు పులిహోర వద్దని ఒనిగిరి అడిగానుగా" అన్నాడు. ఎన్‌సొకు అంటే బడివాళ్లు తీసుకెళ్లే పిక్నిక్, ఆ రోజు డబ్బా ఇంటి నుంచే పట్టుకెళ్లాలి. పొద్దున్నే పోపు పెట్టి సిద్ధం చేసిన పులిహోర పక్కన పెట్టి, నోరి అనే సముద్రపు నాచు చుట్టిన అన్నం ముద్దలు కట్టిచ్చాను ఆ రోజు. రుచి కోసం అడిగాడనే అనుకున్నాను.

మా ఆయన నిమ్మళంగా అడిగారు: "ఒనిగిరి ఇష్టమై అడిగావా నాన్నా, పులిహోర చూస్తే ఏమంటారోనని అడిగావా?"

వాడు కాసేపు ఆలోచించి "రెండూ" అన్నాడు.

ఆ జవాబుని మేం సరిదిద్దలేదు. పరాయి దేశంలో పిల్లలు ఎంత మోస్తున్నారో మనకి చాలావరకు కనపడదు. వాడు నోరు విప్పి చెప్పాడు, మాకది చాలనిపించింది. ఆ తర్వాత ఇంకో ఎన్‌సొకుకి రెండూ సగం సగం కట్టమన్నాడు. పక్కనున్న పిల్లాడు పులిహోరలో వేరుశెనగలు ఏరుకుని తిన్నాడట.

ఇదంతా అమ్మకి చెబితే, ఆవిడ వాడికి శ్రీరంగం కథ చెప్పింది. 1323లో ఢిల్లీ సైన్యం శ్రీరంగం మీదికి వచ్చినప్పుడు రంగనాథుడి ఉత్సవమూర్తిని భక్తులు గుట్టుగా బయటికి తీసుకుపోయారు. ముసలివారైన వైష్ణవ గురువు పిళ్లై లోకాచార్యులు కూడా ఆ గుంపుతోనే బయల్దేరి, మదురై దగ్గర దారిలోనే కన్నుమూశారని వైష్ణవులు చెప్పుకుంటారు. స్వామి ఊళ్లూ అడవులూ దాటి చివరికి మన తిరుమల చేరాడు. తిరుమల గుళ్లో రంగనాయకుల మండపం ఇప్పటికీ ఆ పేరుతోనే ఉంది. 1371లో మళ్లీ శ్రీరంగం వెళ్లాడు. "అయితే వాళ్లూ షినోబీలేనా అమ్మమ్మా?" అన్నాడు మావాడు. "కాదు నాన్నా, వాళ్లు దొంగిలించడానికి రాలేదు, కాపాడుకోవడానికి పోయారు" అంది అమ్మ.

వసంతం సెలవుల్లో క్యోటోలో చియోనిన్ గుడికి తీసుకెళ్లాం. అక్కడ ఐదు వందల యాభై మీటర్ల చెక్క వరండా ఉంది, అడుగేస్తే పిట్టల్లా కిచకిచమంటుంది. చెప్పులు ప్లాస్టిక్ సంచిలో పట్టుకుని మేజోళ్లతో నడవాలి. మావాడు మునివేళ్ల మీద, ఊపిరి బిగబట్టి, గోడ వారగా వెళ్లి చూశాడు. పలక కింద ఇనుప బిగింపు మేకుకి రాసుకుని కూసింది. పక్క పలకా కూసింది. ముందు నడుస్తున్న ఒక పెద్దాయన వెనక్కి తిరిగి నవ్వారు. వాడు కూడా నవ్వి, మునివేళ్లు దించి మామూలుగా నడిచాడు. లోపల పెద్ద మందిరంలో ఎవరూ చెప్పకుండానే మోకాళ్ల మీద కూర్చుని దణ్ణం పెట్టుకున్నాడు.

వేసవి సెలవులకి బళ్లో ఏదో ఒక విషయం మీద సొంతంగా పరిశీలన చేసి చార్టు తయారుచెయ్యాలి. వీడు ఒకవైపు ఇగా గుళ్లు, ఇంకోవైపు రంగనాథుడి ప్రయాణం రాస్తానంటున్నాడు. సినిమాలు ఇంకా చూస్తూనే ఉన్నాడు, చూస్తూ చూస్తూ "ఈ గుళ్లో సన్యాసులంతా ఏరి?" అని అడుగుతున్నాడు. చార్టుకి జపనీస్ వాక్యాలు వాడే రాసుకుంటాడు. శ్రీరంగం నుంచి తిరుమల దాకా మ్యాపు గీసే పని నాకు అప్పజెప్పాడు, ఊళ్ల పేర్లు మాత్రం తెలుగులో కూడా ఉండాలట.