రెక్కలున్న నీటిపాముని గీయడానికి నాకు రెండు నెలలు పట్టింది

పిల్లల ఫాంటసీ నవల ఒకదానికి బొమ్మలు వేస్తానని ఒప్పుకున్నప్పుడు నా భయమంతా గుర్రాల గురించే. గుర్రం వెనక కాళ్ళు నాకు ఇప్పటికీ కుదరవు. పాముదేముంది, ఒక్క గీతే కదా అనుకున్నాను. ఆ కథలో కొండల మధ్య ఒక సరస్సు ఉంటుంది, అందులో రెక్కలున్న నీటిపాము. దాని గురించి నాకు ఇచ్చిన కాగితాల్లో ఉన్నది ఒక్క వాక్యం: నీళ్ళు చీల్చుకుని లేచి, ఒక్క ఉదుటున మబ్బుల్లోకి వెళ్ళిపోయింది.

మొదటి బొమ్మ ఒక్క రాత్రిలో అయిపోయింది. గబ్బిలం రెక్కలు, నీలం పొలుసులు, ముక్కులోంచి ఆవిరి. ఎడిటర్ గారు ఫోన్ చేసి, "బాగానే ఉందమ్మా, కానీ డ్రాగన్‌కి కాళ్ళు కోసేసినట్టుంది" అన్నారు. ఆ రాత్రి కోపంతో అన్నం సయించలేదు. పొద్దున్న లేచి చూస్తే ఆయన మాట నిజమే. యూరప్ వంశచిహ్నాల్లో కాళ్ళు లేకుండా రెండు రెక్కలుండే పాము పాతకాలం నుంచీ ఉంది. తెలియకుండానే నేను మళ్ళీ దాన్నే వేశాను.

సరే, మెక్సికో వైపు వెళ్దామనుకున్నాను. టియోటిహువాకాన్‌లో ఈకల పాము గుడి ఉంది. రాతి మెట్ల మీంచి పాము తలలు బయటికి చూస్తుంటాయి, మెడ చుట్టూ ఈకలు, పక్కన శంఖాలూ గవ్వలూ చెక్కి ఉంటాయి. నీళ్ళకీ దానికీ ఉన్న సంబంధం నాకు భలే నచ్చింది. ఆ ఈకలు తెచ్చి నా పాముకి పెడితే మాత్రం నెమలిని మింగిన కొండచిలువలా తయారైంది. ఆ బొమ్మ ఎవరికీ చూపించలేదు.

నాయనమ్మ ఒక్కతే చూసింది. "పాముకి రెక్కలేంటే, గరుత్మంతుడు ఊరుకుంటాడా?" అంది. కద్రువ పిల్లలు పాములు, వినత కొడుకు గరుత్మంతుడు. తండ్రి ఒకడే, కశ్యపుడు. ఒక ఇంటివాళ్ళకి నేల, ఇంకో ఇంటివాళ్ళకి ఆకాశం. ఆ పగ ఇంకా తీరనే లేదు, నేనేమో ఇద్దరినీ కలిపి కుడుతున్నాను. నవ్వుకున్నాను కానీ, అక్కడే ఒక సంగతి తట్టింది. ఇప్పటిదాకా నేను పాము మీద రెక్కల్ని అతికిస్తున్నాను తప్ప, ఆ రెండూ ఒకే ఒంటివి ఎలా అవుతాయో ఆలోచించలేదు.

బొమ్మలు ఆపేసి, నిజం పాముల్ని చదవడం మొదలుపెట్టాను. సముద్రపు పాముల తోక తెడ్డులా పక్కలకి నొక్కినట్టు ఉంటుంది. ఊపిరితిత్తి దాదాపు ఒళ్ళంత పొడవు. నీళ్ళలోనే బతుకుతాయి కానీ గాలి పీల్చడానికి పైకి రాక తప్పదు. ఇక ఎగిరే పాములు. వాటికి రెక్కలు ఉండవు. పక్కటెముకల్ని వెడల్పుగా చాపి, ఒంటిని అడుగున గుంట పడేట్టు పరిచి, గాల్లో ఈదుతున్నట్టు మెలికలు తిరుగుతూ చెట్టు మీంచి చెట్టుకి జారతాయి. శ్రీలంకలోనే ఉంటుందనుకున్న ఒక జాతి మన శేషాచలం అడవుల్లోనూ కనిపించింది. అది చదివి ఎగిరి గంతేశాను. రెక్కని వీపు మీద అతికించక్కర్లేదు, పక్కటెముకలే పొడుగ్గా సాగి, మధ్యలో చర్మం ఉంటే చాలు!

బంకమట్టితో, ఇనప తీగతో మూరెడు పాముని చేశాను. రెక్కల దగ్గర దారం కట్టి వేలాడదీస్తే తోక కిందికి దిగిపోయింది. రెక్కల్ని వెనక్కి, ఇంకా వెనక్కి జరుపుతూ పోతే, ఒంటిలో మూడో వంతు దాటాక నిలబడింది. ఈ పనికే వారం పట్టింది, అందులో రెండుసార్లు పిల్లి కింద పడేసింది.

అయినా ఏదో తేడా. అదేమిటో ఒక పాత గొడుగు చెప్పింది. పెరట్లో నీళ్ళతొట్టిలో దాన్ని మూసి ముంచితే హాయిగా దిగింది. లోపల తెరిచి పైకి లాగబోతే చెయ్యి పీకేసినంత పని అయింది. ఎలాగో బయటికి లాగితే గుడ్డంతా నీళ్ళు కారుతూ బరువెక్కింది. మరి నా పాము మబ్బుల్లోకి ఒక్క ఉదుటున ఎలా లేస్తుంది? ఎగిరే చేప లేస్తుంది నిజమే, కానీ అది జానెడు చేప. నీళ్ళ మీద తోకతో సెకనుకి యాభైసార్లకు పైగా కొట్టి, రెక్కలు చాపి, కాసేపు జారి మళ్ళీ పడిపోతుంది. నాది ఇరవై అడుగుల పాము.

రెండు రోజులు టెన్షన్‌తో ఏమీ గీయలేదు. మూడో రోజు మావయ్యగారి చేపల చెరువు దగ్గరికి వెళ్ళాం. నీటికాకుల్ని తోలడానికి వాళ్ళు టపాసులు కాలుస్తారు, వలలు కడతారు, అవి మాత్రం లెక్కచేయవు. గట్టున ఒక కర్ర మీద నీటికాకి రెండు రెక్కలూ బార్లా చాపి, తడిసిన బట్ట ఆరేసినట్టు కూర్చుని ఉంది. దాని ఈకలు తడుస్తాయి, అందుకే లోతుకి మునగగలదు, అందుకే బయటికొచ్చి ఆరబెట్టుకోవాలి. మావయ్యగారు దాన్ని తిడుతున్నారు, నేను ఫోన్‌లో వీడియో తీస్తున్నాను.

ఆ రాత్రే రచయిత్రి గారికి మెయిల్ రాశాను. పాము నీళ్ళలోంచి నేరుగా ఎగరలేదండీ, ముందు రాయి మీదికి పాకి రెక్కలు ఆరబెట్టుకోవాలి, ఒక పూట పడుతుంది, ఆ సేపు అది పారిపోలేదు, అని. కథ మార్చమని అడిగే హక్కు బొమ్మలవాళ్ళకి ఉంటుందా? మూడు రోజులు జవాబు లేదు. నాలుగో రోజు ఆవిడే ఫోన్ చేశారు. నా కథలో పాప ఆ పాము దగ్గరికి ఎలా వెళ్తుందో ఏడాదిగా తేలడం లేదండీ, ఇప్పుడు తేలింది, అన్నారు. ఎగిరిపోయే వాక్యం కొట్టేసి నాలుగు పేజీలు కొత్తగా రాశారు.

ఆఖరి బొమ్మలో పాము అసలు ఎగరదు. ఎండలో నల్లరాతి మీద రెక్కలు పరిచి కళ్ళు మూసుకుని ఉంటుంది, అంచుల్లోంచి నీళ్ళు కారుతుంటాయి. రాతి వెనక పాప కూర్చుని ఎదురుచూస్తుంటుంది. దాన్ని మూడు రోజుల్లో వేసేశాను, దిద్దాల్సింది కూడా పెద్దగా రాలేదు. డబ్బులు మాత్రం మొదట మాట్లాడుకున్న మూడు రోజుల పని లెక్కనే ఇచ్చారు.

నిన్న ఎడిటర్ గారి నుంచి మెసేజ్: రెండో భాగంలో దాని పిల్లలు కావాలట. సముద్రపు పాముల్లో ఎక్కువ జాతులు నీళ్ళలోనే పిల్లల్ని కంటాయి, గుడ్లు పెట్టేవి మాత్రం ఒడ్డుకి రావాలి. నాది ఏ రకమో ముందు తేల్చుకోవాలి.