విక్రాంత్ మీద ఎగిరిన సీహాక్

మా విశాఖలో డిసెంబరు 4 వస్తే ఘాజీ మాటే. 1971 యుద్ధంలో మన విమానవాహక నౌక విక్రాంత్‌ను వేటాడేందుకు వచ్చి మా తీరంలోనే మునిగిన ఆ పాకిస్తాన్ జలాంతర్గామి కథ ఇక్కడ చిన్నపిల్లలకూ తెలుసు. అదే రోజు విక్రాంత్ మీదినుంచి ఎగిరి దాడికి వెళ్లిన విమానాల ఊసు మాత్రం ఎవరూ ఎత్తరు. నాకు అది పెద్ద వెలితిగా తోస్తుంది.

వాటి పేరు సీహాక్. బ్రిటన్‌లో హాకర్ సంస్థ రూపకల్పన. తొలి నమూనా 1947లో ఎగిరింది, విమానం 1953లో బ్రిటన్ నౌకాదళమైన రాయల్ నేవీలో చేరింది, 1956లో సూయజ్ దాడుల్లో పాల్గొంది. మన నౌకాదళం వీటితో 1960లో 300వ స్క్వాడ్రన్‌ను, అంటే విమానదళాన్ని, ఏర్పాటు చేసింది. తర్వాత పశ్చిమ జర్మనీ వాడి పక్కన పెట్టినవి కూడా కొన్ని కొన్నాం.

గోవాలోని నౌకాదళ వైమానిక మ్యూజియంలో దాన్ని చూస్తే మొదట తోకవైపు వెళ్లండి. జెట్ గొట్టం అక్కడ ఉండదు. ఇంజను నడిమధ్యలో ఉంటుంది, వేడి వాయువు రెండు పాయలుగా చీలి రెక్కల మొదట్లో అటూ ఇటూ బయటికి వస్తుంది. అలా మిగిలిన వెనుక భాగంలో ఇంధనం నింపారు. ఎంత చక్కని ఆలోచన! ముక్కు కింద నాలుగు 20 మిల్లీమీటర్ల ఫిరంగులు. ఓడ లిఫ్టులో పట్టాలి కాబట్టి రెక్కలు పైకి మడుచుకుంటాయి.

1971 నాటికి అది పాతబడిన విమానమే. పైగా విక్రాంత్ బాయిలర్‌లో పగులు వల్ల ఓడ పూర్తి వేగంతో వెళ్లలేదు. బరువైన విమానం డెక్ (ఓడ పైభాగం) మీదినుంచి లేవాలంటే ఎదురుగాలి కావాలి, అందులో కొంత ఓడ వేగమే ఇస్తుంది. ఆ లోటుతోనే డిసెంబరు 4 ఉదయం ఎనిమిది సీహాక్‌లు నాటి తూర్పు పాకిస్తాన్‌లోని (నేటి బంగ్లాదేశ్) కాక్స్ బజార్ విమానాశ్రయంపై దాడి చేశాయి. మధ్యాహ్నం చిట్టగాంగ్ వంతు. ఆ తర్వాత అక్కడివే ఖుల్నా, మోంగ్లా. స్క్వాడ్రన్‌కు నాయకత్వం వహించిన లెఫ్టినెంట్ కమాండర్ సంతోష్ కుమార్ గుప్తాకు మహావీర చక్ర దక్కింది. యుద్ధంలో శత్రువు కాల్పులకు ఒక్క సీహాక్ కూడా కూలలేదు. సముద్రం మీద కదిలే ఆ చిన్న డెక్‌ను వెతుక్కుంటూ వచ్చి దిగడం ఎంత కష్టమో తెలిసినవారికి ఆ మాట బరువు అర్థమవుతుంది. పైలట్లతో పాటు, రాత్రింబవళ్లు వాటికి బాంబులు అమర్చి, ఇంధనం నింపి, మరమ్మతులు చేసిన నావికులను కూడా అందరూ గుర్తుపెట్టుకోవాలని నా కోరిక.

1983లో సీహారియర్‌లు రావడంతో సీహాక్ శకం ముగిసింది. ‘వైట్ టైగర్స్’ అని పిలిచే ఆ 300వ స్క్వాడ్రన్ మాత్రం కొనసాగుతోంది. 2016లో సీహారియర్‌లకు వీడ్కోలు చెప్పి మిగ్-29కె విమానాలను అందుకుంది.