గేజ్ సరే, ట్యాపింగ్ ఎక్కడ వేశారు?

పంప్ టెస్టులో హెడ్ (పంపు నీటిని ఎంత ఎత్తుకి తోయగలదో మీటర్లలో చెప్పే లెక్క) తక్కువ వచ్చిందంటే చాలు, అందరి చూపూ ఇంపెల్లర్ మీదికే, అంటే పంపు లోపల తిరిగి నీటిని తోసే చక్రం మీదికే పోతుంది, విప్పేద్దాం అని హడావుడి మొదలవుతుంది. నేనైతే ముందు ప్రెషర్ గేజ్ దగ్గరికి వెళ్లి, అక్కణ్నుంచి ట్యూబ్ వెంట పైపుకి వేసిన ట్యాపింగ్ (గేజ్‌కి ప్రెషర్ అందించే చిన్న హోల్) దాకా చూసుకుంటూ పోతాను. కాలిబ్రేషన్ సర్టిఫికెట్ ఉంది కదా అంటారు. ఉంటుంది, కానీ అది గేజ్ సంగతే చెబుతుంది, గేజ్ దాకా వచ్చే ప్రెషర్ సంగతి చెప్పదు.

పైపు గోడకి వేసిన ఆ చిన్న హోల్ గోడకి లంబంగా ఉండాలి, లోపలి అంచు నున్నగా ఉండాలి. డ్రిల్ చేశాక అంచున బర్ (పొడుచుకొచ్చిన గరుకు లోహం) మిగిలిపోతే దాని దగ్గర నీటి దారి మారి, వేగం ప్రభావం కూడా రీడింగ్‌లో కలుస్తుంది. సెకనుకి 3 మీటర్ల వేగంతో పోయే నీటికి వెలాసిటీ హెడ్ (ఆ వేగాన్ని నీటి ఎత్తుగా లెక్కిస్తే వచ్చేది) దాదాపు 0.46 మీటర్లు, అందులో కొంత భాగం అటో ఇటో అయినా 10 మీటర్ల హెడ్ పంపుకి అది చిన్న తేడా కాదు. ఎల్బో (పైపు వంపు) దాటగానే, లేదా సగం మూసిన వాల్వ్ పక్కనే ట్యాపింగ్ పెడితే మరీ ఘోరం, పైపుకి ఒకవైపు ఒక ప్రెషర్, రెండోవైపు ఇంకోటి. పంపు ఫ్లాంజ్ (పైపుని బిగించే చోటు) నుంచి రెండు పైపు డయామీటర్ల దూరంలో, తిన్నగా ఉన్న పైపు మీద తీసుకోమనేది అందుకే. ఇంకా కచ్చితంగా కావాలంటే చుట్టూ నాలుగు హోల్స్ వేసి రింగ్ పైపుతో కలుపుతారు, నాకు ఆ పద్ధతే ఇష్టం.

గేజ్ రేంజ్ కూడా చూడండి. 0-16 బార్ గేజ్, క్లాస్ 1 (పూర్తి స్కేల్‌లో 1 శాతం తేడాకి వీలు) అంటే 0.16 బార్ తేడా స్కేల్ మీద ఎక్కడైనా ఉండొచ్చు, అంటే 2 బార్ దగ్గర చదివితే 8 శాతం! ఆ రీడింగుతో ఎఫిషియెన్సీ లెక్కేసి పాయింట్ తర్వాత దశాంశాలు రాయడం చూస్తే నాకు నిజంగా బాధేస్తుంది.

ఇక ట్యూబులో గాలి. గేజ్ ట్యాపింగ్ కంటే మీటరు పైన ఉంటే దాదాపు 0.1 బార్ తక్కువ చూపిస్తుంది, ట్యూబ్ నిండా నీళ్లుంటే ఆ ఎత్తు కలుపుకుంటే సరిపోతుంది. సగం నీళ్లు సగం గాలి అయితే ఎంత కలపాలో ఎవరికీ తెలియదు, కాబట్టి బ్లీడ్ చేసి గాలంతా పోయాకే చదవాలి.

నేను ప్రతి టెస్టుకీ ముందు ఒక పని చేయిస్తాను. లైన్ నింపి, పంప్ ఆపి, డిశ్చార్జ్ (నీళ్లు బయటికెళ్లే వైపు) వాల్వ్ మూసి, నీళ్లు నిలకడగా ఉన్నప్పుడు సక్షన్ (నీళ్లు పంపులోకి వచ్చే వైపు), డిశ్చార్జ్ గేజులు రెండూ చదివి, ఎత్తుల తేడా సరిచేస్తే రెండూ ఒకటే రావాలి. రాకపోతే ముందు ఆ తేడా ఎక్కడిదో తేల్చుకుని, ఆ తర్వాతే స్టార్ట్ బటన్ నొక్కనిస్తాను.