మైళ్ళ లెక్క

"ఎగ్డన్ హీత్ కేవలం నేపథ్యం కాదు, అదొక సజీవ పాత్ర." బుజ్జి ఎమ్మే నోట్సులో, థామస్ హార్డీ నవల గురించిన ఈ వాక్యం కింద ఎర్రసిరాతో రెండు గీతలు, పక్కన 'వెరీ ఇంపార్టెంట్' అని. భోజనాలప్పుడు కంటపడింది. అప్పట్నుంచీ పళ్ళ సందున ఇరుక్కున్న పీచులా ఉంది. నా సంగతి మీకు తెలిసిందే, దీన్ని ఇక్కడ దించుకుంటే తప్ప నిద్ర పట్టదు.

థామస్ హార్డీ మీద మన దగ్గర దొరికే ఏ ఎమ్మే గైడు తిప్పినా ఈ వాక్యం ఉంటుంది. హీత్ (పొదలే తప్ప పంట పండని బీడు) తీసేసి యార్క్‌షైర్ మూర్ (గాలికొట్టే మెట్టబీడు) పెట్టండి, ఎమిలీ బ్రాంటీ మీద జవాబు తయారు. మూర్ తీసేసి సరస్సులు పెట్టండి, వర్డ్స్‌వర్త్ తయారు. ఎక్కడ పెట్టినా సరిపోయే మాట ఎక్కడా ఏమీ చెప్పనట్టే. సజీవ పాత్ర అంటే ఆ నేల ఏం చేసింది? ఎవరిని ఎంత దూరం నడిపించింది, పొయ్యిలోకి ఏం ఇచ్చింది, ఏ పంట పండనివ్వలేదు? ఆ ప్రశ్న అడిగినవాళ్ళు లేరు. రాసినవాళ్ళకి మార్కులు మాత్రం పడుతూనే ఉన్నాయి, అదింకో మంట.

ఎగ్డన్ హీత్ మీద నడిచే హార్డీ నవల 'ది రిటర్న్ ఆఫ్ ది నేటివ్' 1878లో వచ్చింది. హార్డీ పుట్టిన హయ్యర్ బాక్‌హాంప్టన్ ఇంటి వెనక నుంచే డోర్సెట్ హీత్ మొదలవుతుంది. అది ఇసుకా గులకా కలిసిన నేల, పులుపెక్కిన నేల. పూర్వం చెట్లు కొట్టేసి సాగు చేయబోతే, వానలకి సారమంతా కిందికి దిగిపోయింది. చాలాచోట్ల అడుగున ఇనుము పేరుకుని గట్టి పొర కట్టింది. నాగలి దిగదు, వేరు దిగదు, వాన కురిస్తే నీళ్ళు పైనే నిలుస్తాయి. అలాంటిచోట బతికేవి హెదర్, బ్రాకెన్ ఫెర్న్, ఫర్జ్ అనే పసుపుపూల ముళ్ళపొద. పంట లేదు కాబట్టి రైతుల ఊరు లేదు, ఒకదానికొకటి దూరంగా విసిరేసినట్టు ఇళ్ళు. బతుకంతా పొయ్యిలోకి పనికొచ్చే ఫర్జ్ మోపుల మీదా, తవ్వి ఎండబెట్టిన మట్టిపెళ్లల మీదా.

నవలలో వైల్డీవ్ అనేవాడి పొలం ఒకటుంది. దాన్ని సాగు చేయొచ్చని కనిపెట్టినవాడు ఆ చాకిరీకే చచ్చిపోయాడు. తర్వాత చేతికొచ్చినవాడు ఎరువులు పోసి పోసి దివాళా తీశాడు. మూడోవాడు వైల్డీవ్ వచ్చి పేరు కొట్టేశాడు. మట్టి గుణమూ వైల్డీవ్ గుణమూ హార్డీ రెండు మూడు వాక్యాల్లో ఒకేసారి చెప్పేశాడు. ఇది రాయండమ్మా జవాబులో!

ఇంకా మంచిది మంటల సంగతి. నవంబరు 5 రాత్రి గుట్టలన్నిటి మీదా మంటలు వేస్తారు. రెయిన్‌బారో అనే గుట్ట మీద నిలబడినవాళ్ళకి చుట్టూ ముప్పై దాకా కనిపిస్తాయి. ఊరివాళ్ళవి ఫర్జ్ మోపుల మంటలు, భగ్గున లేచి చప్పున చల్లారతాయి. ఒక్క మంట మాత్రం, చిన్నదే, ఆరడం లేదు. అది హీత్ మీద తాతతో ఉండే యుస్టేషియాది. ఆమె పేర్చింది ముళ్ళచెట్ల మొదళ్ళు, గట్టి చేవకర్ర. చెట్లు అరుదైన నేల మీద ఆ కర్ర బంగారంతో సమానం. క్రిస్మస్‌కని దాచుకున్నవన్నీ తగలేశావని తాత తిడతాడు కూడా. అంతసేపు మండింది కాబట్టే గుట్ట మీదివాళ్ళు దాని గురించి మాట్లాడుకున్నారు, అంతసేపు మండింది కాబట్టే ఆమె ప్రియుడు వైల్డీవ్ దాన్ని పిలుపనుకుని వెళ్ళాడు. హీత్ మీద కట్టెలు పుష్కలంగా దొరికి ఉంటే ఆ మంట పదిమంటల్లో ఒకటయ్యేది, కథ ఇంకోలా కదిలేది. నేల నవలని తయారుచేయడమంటే నా దృష్టిలో ఇదీ.

అసలు నన్ను వదలనిది మిసెస్ యోబ్రైట్ నడక. మొదటిసారి చదివినప్పుడు నవ్వొచ్చిన మాట నిజం. ఆగస్టు 31, ఇంగ్లండు ఎండ, ఆ ఎండకి మనిషి సోలిపోవడమా? రెంటచింతల ఎండ తెలిసినవాళ్ళకి అది ఎండలా కనిపించదు. కానీ హార్డీ ఏర్పాటు చూడండి. కొడుకు క్లిమ్‌తో రాజీ పడదామని ఆవిడ బయల్దేరింది పదకొండింటికి, అంటే ఎండ ముదిరే వేళకి. వయసు మళ్ళిన మనిషి, హీత్ ఆ కొస నుంచి ఈ కొసకి, నీడ లేదు, దారి కూడా అలవాటైనది కాదు. ముందు దూరంగా ఒక ఫర్జ్ కొట్టేవాడు పోతుంటే, అతని వెంట వెళ్ళమని ఎవరో చెప్పారు. వెంట పోతోంది. ఆకుపచ్చ పొదల మధ్య చిన్న గోధుమరంగు చుక్క, అంతే. కాసేపటికి నడక తీరు చూసి గుర్తుపట్టింది, అతను తన కొడుకే. ప్యారిస్‌లో వజ్రాల వ్యాపారం చేసి, బడి పెడతానని తిరిగొచ్చి, రాత్రుళ్ళు చదివి కళ్ళు పాడుచేసుకుని, చివరికి వందమోపులకి అరక్రౌను కూలికి ఫర్జ్ కొడుతున్నాడు. తోలు గ్లౌజులూ కాళ్ళకి తోలు తొడుగులూ అరువువి. ఆ నేల ఇవ్వగల పని అదొక్కటే, చూపు మందగించినవాడు చేయగల పనీ అదే.

ఆవిడ అలసి ఫిర్ చెట్ల గుట్ట మీద కూర్చుంది, అక్కడి నుంచి కొడుకు ఇల్లు కనిపిస్తోంది. తీరా వెళ్తే తలుపు తెరుచుకోలేదు. లోపల అతను పనికి అలిసి నేల మీద నిద్రపోతున్నాడు, కోడలు యుస్టేషియా దగ్గరికి వైల్డీవ్ వచ్చి ఉన్నాడు. కిటికీలోంచి కోడలి మొహం చూసి ఈవిడ వెనక్కి తిరిగింది. మళ్ళీ అన్ని మైళ్ళూ. దారిలో కూలబడి, పక్కన బారుగా పోతున్న చీమల్ని చూస్తూ కూర్చుంటుంది. ఆ సాయంత్రమే ఆడర్ కాటు. ఆడర్ మన రక్తపింజరి కుటుంబపు పామే గానీ విషం అంత తీవ్రం కాదు. ఆరోగ్యంగా ఉన్న పెద్దవాళ్ళు దానికి చనిపోవడం బాగా అరుదు. నవలలో డాక్టరు కూడా, పాము కన్నా ఆ నడక మీదే ఎక్కువ నెపం వేస్తాడు. ఊరివాళ్ళ వైద్యం ఇంకో ఆడర్‌ని పట్టి, వేయించి, ఆ కొవ్వు కాటు మీద రాయడం. పాములూ హీత్ మీద దొరికేవే, మందూ అక్కడిదే. డాక్టరు మాత్రం దూరంగా ఉన్నాడు.

ఆ ఇళ్ళ మధ్య అరమైలు దూరమే ఉంటే ఈ చావు లేదు. తలుపు తెరవకపోతే పక్కింట్లో కూర్చుని మంచినీళ్ళు తాగేది. ఆ నడకని మైళ్ళలోనూ ఎండలోనూ చూపించాలి గానీ "ప్రకృతి క్రూరత్వం" అని తేల్చేస్తే ఎలా?

ఇక్కడిదాకా రాసి ముందుమాటలు తిరగేశాను. ఇప్పుడు నా వాదన కాళ్ళ కింద నేలే కొంచెం జారుతోంది. 1895 ముందుమాటలో హార్డీయే చెప్పాడు, ఎగ్డన్ ఒక హీత్ కాదు, వేర్వేరు పేర్లున్న కనీసం డజను హీత్‌లని కలిపి ఒకటి చేశానని. అసలువాటి మధ్య ఎక్కడికక్కడ దున్నిన ముక్కలూ, పెంచిన అడవులూ అడ్డొచ్చాయి. అవన్నీ తీసేసి ఆయన ఒకే పరుపు పరిచాడు. 1912లో ఇంకో మాట చేర్చాడు: వెతుక్కుంటూ వచ్చేవాళ్ళు నిరాశపడకుండా చెప్తున్నాను, కథ నడిచేది హీత్ నట్టనడుమ అనుకున్నా, అందులోని కొన్ని గుర్తులు నిజానికి నడుమ నుంచి కొన్ని మైళ్ళు పడమరగా అంచున ఉన్నాయని. మొదటి ప్రచురణలోనే తన చేత్తో గీసిన మ్యాపు పెట్టిన మనిషి! అరమైలైతే చావు లేదని ఇందాక గట్టిగా అన్నానే, ఆ మైళ్ళు నేల ఇచ్చినవి కావు, రచయిత సాగదీసినవి. మరి నేల నవలని తయారుచేసిందా, నవల నేలనా?

కాసేపు ఆలోచించాక నాకు తోచింది ఇది. ఆయన దూరాలు మార్చాడు, మట్టి మాత్రం మార్చలేదు. ఎగ్డన్ మీద గోధుమ పండించలేదు, ఫర్జ్ మంటని తెల్లవార్లూ మండించలేదు. హార్డీదే ఇంకో నవల 'టెస్'లో ఇది ఇంకా తేటగా ఉంటుంది. ఫ్రూమ్ నది లోయ, నీళ్ళు పారే పచ్చిక, పెద్ద పాడి. అక్కడ టెస్ పాలు పితుకుతుంది, ప్రేమలో పడుతుంది. ఒకరోజు వెన్నకి వెల్లుల్లి వాసన పట్టిందని అందరూ వరసకట్టి పచ్చికంతా వెతుకుతారు, ఒకటో రెండో మొక్కలు ఆవు నోట్లో పడితే చాలు, ఆ రోజు వెన్నంతా పాడు. ఆ వరసలో వంగి నడుస్తున్నప్పుడే ఆమె ప్రేమించే ఏంజెల్ ఆమె పక్కకి చేరతాడు. అదే టెస్ చలికాలంలో ఫ్లింట్‌కాంబ్-యాష్‌కి పోతే సుద్దనేల, పైన చెకుముకి రాళ్ళు. స్వీడ్ దుంపల పైసగం పశువులు కొరికేశాయి. మట్టిలో మిగిలిన కిందిసగాన్ని హ్యాకర్ అనే కొక్కెం ముల్లుతో పెరికి తీయడం ఆడవాళ్ళ పని. ఆమె సుఖం లోయలో, కష్టం మెట్టమీద. ఇంత మొరటుగా చెప్తే పటం గీసినట్టుంటుంది, పుస్తకంలో అలా అనిపించదు.

అయినా యాత్రికుల సంగతి నాకు పడదు. బ్రాంటీల ఊరు హావర్త్ దగ్గర టాప్ విదెన్స్ అని పాడుబడ్డ ఇల్లుంది, ఎమిలీ నవలలోని వదరింగ్ హైట్స్ ఇల్లు ఇదేనని జనం మూర్ ఎక్కి పోతారు. 1964లో బ్రాంటీ సొసైటీ అక్కడ ఫలకం పెట్టింది. దాని సారాంశం: ఈ కట్టడాలు పూర్తిగా ఉన్నప్పుడు కూడా నవలలో వర్ణించిన ఇంటిని పోలి లేవు, కాకపోతే ఈ చోటు ఎమిలీ మనసులో ఉండి ఉండొచ్చు. అంతకన్నా మర్యాదగా కాదని చెప్పడం ఎవరి తరం? అయినా ఫొటోలు ఆగవు. ఆ ఫొటోల్లో మన తెలుగు మొహాలూ తక్కువేం కాదు, వర్డ్స్‌వర్త్ డాఫడిల్స్ దగ్గరైతే సరేసరి.

హావర్త్ అంటే గాలీ మూర్ తప్ప ఇంకేం లేదనుకోవడం అన్నిటికన్నా చిరాకు. 1850లో బాబేజ్ అనే ఇన్స్పెక్టరు ఆ ఊరి పారిశుధ్యం మీద నివేదిక రాశాడు. చనిపోయేవాళ్ళ సగటు వయసు 25.8 ఏళ్ళు, పుట్టినవాళ్ళలో 41 శాతం ఆరేళ్ళు రాకుండానే పోతున్నారు. మురుగు, కిక్కిరిసిన శ్మశానం, చెడిన నీళ్ళు. అది మిల్లులున్న ఊరు. ఎమిలీ 1848 డిసెంబరులో పోయింది, క్షయతో, ముప్పై ఏళ్ళకి. మూర్ వైపు తెరుచుకునే తలుపు ఒకటి ఉంటే, ఊరివైపు తెరుచుకునేది ఇంకోటి. గైడు రెండోదాన్ని ఎప్పుడూ మూసే ఉంచుతుంది.

ఎమిలీ మాత్రం లెక్క తప్పదు. ఆమె నవలలోని రెండు ఇళ్ళు, హైట్స్‌కీ గ్రేంజ్‌కీ నాలుగు మైళ్ళు. చీకట్లో దారి తప్పకుండా ఆరేడు గజాలకొకటి చొప్పున నిలువురాళ్ళు పాతి సున్నం పూశారు. మంచు కురిస్తే ఆ రాళ్ళు కూడా పోయాయి. గ్రేంజ్ ఆవరణ గేటు నుంచి గడప దాకా రెండు మైళ్ళైతే, అక్కడ అద్దెకున్న లాక్‌వుడ్ మంచులో దారి తప్పి దాన్ని నాలుగు చేసుకున్నాడు. అలా సోలిపోయి ఇల్లు చేరిన ఆ సాయంత్రమే ఇంటి పనులు చూసే నెల్లీ డీన్ కథ చెప్పడం మొదలుపెట్టింది. మంచులో ఆ రాళ్ళు కనిపించి ఉంటే పుస్తకమే లేదు.

ప్రకృతి వర్ణనే లేదని అందరూ పక్కన పెట్టే జేన్ ఆస్టెన్ కూడా ఇదే లెక్క మీద నడుస్తుంది. 'ఎమ్మా'లో జూన్ నడుమ ఆపిల్ చెట్లు పూత మీద ఉంటాయి. ఆ పూతేమిటని ఆస్టెన్ అన్నయ్యే ఎత్తిపొడిచాడట. పూత తప్పినా మైళ్ళు తప్పవు: కథ జరిగే హైబరీ ఊరి నుంచి లండన్ పదహారు, బాక్స్ హిల్ ఏడు. అందుకే ఫ్రాంక్ చర్చిల్ జుట్టు కత్తిరించుకోవడానికని లండన్ పోయి రోజు తిరక్కుండా వచ్చేస్తే, పోనూ రానూ ముప్పైరెండు మైళ్ళు, ఊరు వీడికి షోకు ఎక్కువని నవ్వుకుంది గానీ ఎవరూ అనుమానపడలేదు. నిజానికి అతను పోయింది, రహస్యంగా పెళ్ళి మాటిచ్చుకున్న జేన్ ఫెయిర్‌ఫాక్స్‌కి పియానో కొనడానికి. ఆమె ఇంటికొచ్చిన ఆ పియానో ఎవరు కొన్నారో చివరిదాకా బయటపడకపోవడానికి ఆ పదహారు మైళ్ళే కారణం. ఇరవై మైళ్ళు ఎక్కువైతే ఒక్కరోజులో కుదరదు, పది తక్కువైతే ఊళ్ళోవాళ్ళెవరో ఒకరు కొట్లో చూసేసేవాళ్ళు.