నానమ్మ కొంగు, కడబూర

2025 సెప్టెంబరు 22 రాత్రి దుప్పటి సర్దుదామని పిల్లల గదిలోకి వెళ్ళినప్పుడు, మా చిన్నమ్మాయి నానమ్మ చీర కొంగును తన మణికట్టుకు రెండు ముళ్ళు వేసి కట్టుకుని పడుకోవడం చూశాను. అత్తయ్య అప్పటికే గాఢనిద్రలో ఉన్నారు. ఇదేమిటి తల్లీ అని అడిగితే, రేపు రేప్చర్ అనీ, యేసును నమ్మినవాళ్ళంతా ఆకాశంలోకి వెళ్ళిపోతారనీ, నమ్మనివాళ్ళు ఇక్కడే మిగిలిపోతారనీ, బడిలో ఒక స్నేహితురాలు ఫోన్లో వీడియో చూపించి మరీ చెప్పిందనీ, తాను పైకి వెళ్ళేటప్పుడు నానమ్మ కూడా రావాలి కాబట్టి ముడి వేసుకున్నాననీ ఆ తొమ్మిదేళ్ళ పిల్ల నిదానంగా, గొంతు తగ్గించి, నానమ్మకు మెలకువ రాకుండా వివరించింది.

నేను మూడు తరాలుగా క్రైస్తవులైన తెలుగు కుటుంబంలో పుట్టాను. మావారిది హిందూ కుటుంబం. అమెరికా వచ్చాక పిల్లలు పుట్టినప్పుడు, రెండు వైపుల నమ్మకాలనూ వాళ్ళకు చెబుదామని, ఒకరి మాట చెప్పేటప్పుడు రెండోవారి మాటను తక్కువ చేయవద్దని ఇద్దరం అనుకున్నాం. ఆ మాట మీద నిలబడ్డాం కూడా. ఆదికాండము కథ నేను చెబితే, విష్ణుమూర్తి నాభికమలం నుంచి బ్రహ్మ పుట్టిన కథ అత్తయ్య చెప్పారు. అయితే లోకం ఎలా మొదలైందో రెండు విధాలుగా చెప్పగలిగిన మేము, అది ఎలా ముగుస్తుందో చెప్పే పనిని మాత్రం పిల్లలు పెద్దవాళ్ళయ్యాక చూసుకోవచ్చులే అని వాయిదా వేస్తూ వచ్చాం. మేము ఖాళీగా వదిలిన ఆ చోటులోకి బయటినుంచి ఒక భయం వచ్చి కూర్చుంది.

ఆ రాత్రి నేను ముందుగా తేదీల సంగతి చెప్పాను, ఎందుకంటే పిల్లను పట్టుకున్నది ఆ తేదీయే. క్రీస్తు 1844 అక్టోబరు 22న వస్తాడని ఇదే దేశంలో విలియం మిల్లర్ అనే బోధకుని అనుచరులు వేల సంఖ్యలో ఎదురుచూశారనీ, రాలేదనీ, చరిత్రలో ఆ రోజుకు మహా నిరాశ అన్న పేరు మిగిలిందనీ చెప్పాను. 2011 మే 21 అని రేడియోలో ప్రకటించిన హెరాల్డ్ క్యాంపింగ్, అది తప్పితే అక్టోబరు 21 అనీ, చివరికి 2012లో తేదీ చెప్పబూనడమే పాపమనీ ఒప్పుకున్న సంగతి కూడా చెప్పాను. ఆ దినమూ ఆ గడియా తండ్రికి తప్ప పరలోకపు దూతలకు గాని కుమారునికి గాని తెలియవని మత్తయి సువార్త 24వ అధ్యాయంలో యేసే చెప్పాడు కదా, కుమారునికే తెలియనిది ఫోన్లో మాట్లాడే మనిషికి ఎలా తెలుస్తుంది అని అడిగితే, పిల్ల కొంచెం ఆలోచించి, "కానీ ఎప్పుడో ఒకప్పుడు వస్తాడు కదమ్మా, అప్పుడు నానమ్మ సంగతేమిటి?" అంది. తేదీ తప్పని రుజువు చేస్తే భయం పోతుందనుకోవడం నా పొరపాటు.

మా మాటలకు అత్తయ్యకు మెలకువ వచ్చింది. మణికట్టు ముడి చూసి, విషయం విని, ఆవిడ నవ్వలేదు. 1962 ఫిబ్రవరిలో ఎనిమిది గ్రహాలు మకర రాశిలో కలుస్తాయనీ, అష్టగ్రహ కూటమితో ప్రళయం వస్తుందనీ పెద్దవాళ్ళంతా హోమాలూ భజనలూ చేయించినప్పుడు తనకూ సరిగ్గా తొమ్మిదేళ్ళేననీ, అమ్మ పిల్లలందరినీ ఒకే గదిలో పడుకోబెట్టి తలుపు దగ్గర తాను కూర్చుందనీ, తానూ ఆ రాత్రంతా అమ్మ కొంగు వదలలేదనీ చెప్పారు. "తెల్లారింది. మా అమ్మ లేచి గేదె పాలు పితికింది" అన్నారు. మా పెళ్ళయిన పద్నాలుగేళ్ళలో ఆవిడ నోట ఆ మాట నేను వినడం అదే మొదలు.

తరువాతి రోజుల్లో అత్తయ్య తమ వైపు కథను తీరిగ్గా చెప్పారు. కలియుగం మొత్తం 4,32,000 సంవత్సరాలు, సంప్రదాయపు లెక్క ప్రకారం అది క్రీస్తు పూర్వం 3102లో మొదలైంది, అంటే గడిచినవి అయిదు వేల చిల్లర మాత్రమే. ఆ చివర శంబల గ్రామంలో విష్ణుయశుని ఇంట కల్కి పుడతాడు, మళ్ళీ కృతయుగం మొదలవుతుంది. ఇలా నాలుగు యుగాలు కలిస్తే ఒక మహాయుగం, అలాంటివి వెయ్యి గడిస్తే బ్రహ్మకు ఒక పగలు, ఆ పగలు ముగిసినప్పుడు వచ్చేది నైమిత్తిక ప్రళయం. అంతా నీరైపోయినప్పుడు మర్రి ఆకు మీద కాలి బొటనవేలు నోట పెట్టుకుని పడుకున్న పసివాడిని మార్కండేయుడు చూస్తాడు. మా అమ్మాయికి ఆ బొమ్మ బాగా నచ్చింది. ఏదైనా వింత జరిగితే చాలు బ్రహ్మంగారు ఎప్పుడో చెప్పారని అనుకోవడం మన పెద్దలకు అలవాటే గాని, ఆ కాలజ్ఞానం కూడా వీరభోగ వసంతరాయలై తాను మళ్ళీ వస్తానన్న మాటతోనే నిలబడుతుందని అత్తయ్య అన్నప్పుడు, నాకు నా ఇంట్లో చిన్నప్పటి నుంచి విన్న ఒక మాట గుర్తుకువచ్చింది.

మా ఇంట్లో దీన్ని ఎవరూ అంతం అనేవారు కారు, రాకడ అనేవారు, అంటే క్రీస్తు మళ్ళీ రావడం, ఆనాడు మోగేదే కడబూర. మా అమ్మ ప్రార్థనలో "నీ రాకడ కొరకు మమ్మును సిద్ధపరచుము" అనేది, ఆ గొంతులో చుట్టం కోసం ఎదురుచూసే ఆత్రమే తప్ప వణుకు ఉండేది కాదు. నా కూతురికి ఈ సంగతి ముందుగా ఇంగ్లీషులో చేరింది, చేరడమే ముగింపుగానూ, మిగిలిపోవడంగానూ చేరింది. తెలుగులోనూ ఈ భయం పెట్టే ప్రసంగాలు లేకపోలేదు, లోకాంతాన వస్తాయనే మహా శ్రమలనూ, క్రీస్తు విరోధి అయిన అంత్యక్రీస్తునూ వర్ణిస్తుంటే విని నిద్రపట్టని రాత్రులు నాకూ ఉన్నాయి. కానీ నా దగ్గర ఆ భయానికి పక్కనే రాకడ అనే మాట ఉంది, నేను అందించకపోవడం వల్ల నా బిడ్డ దగ్గర లేకపోయింది.

అందుకే ఆమెను భయపెట్టిన వాక్యాన్నే తీసి ముందూ వెనకా కలిపి చదివించాను. విశ్వాసులు మేఘాల మీద కొనిపోబడతారన్న మాట థెస్సలొనీకయులకు పౌలు రాసిన మొదటి పత్రిక నాలుగో అధ్యాయంలో ఉంది. దాన్ని రాకడకు ముందే రహస్యంగా జరిగే వేరొక సంఘటనగా బోధించడం 1830ల నాటి జాన్ నెల్సన్ డార్బీ అనే బోధకుని తరువాత ప్రబలమైంది, 1909లో అచ్చయిన స్కోఫీల్డ్ వ్యాఖ్యాన బైబిలు ద్వారా అమెరికా అంతటా పాకింది, కానీ కతోలిక, ఆర్థడాక్స్, లూథరన్ సంఘాలు అలా బోధించవు. పౌలు ఆ మాటలు రాసింది తమవారిని పోగొట్టుకుని, చనిపోయినవాళ్ళు ఆ రాకడను చూడకుండా వెనకబడిపోతారేమోనని ఏడుస్తున్న మనుషులకు. అంటే, నా కూతురు అడిగిన ప్రశ్నే వాళ్ళూ అడిగారు. ఆ అధ్యాయంలో చివరి మాట, ఈ మాటలచేత ఒకరినొకరు ఆదరించుకొనుడి అని. అక్కడే "ప్రభువును ఎదుర్కొనుటకు" అని ఉంది, మత్తయి సువార్త 25వ అధ్యాయంలో యేసు చెప్పిన, పెండ్లికుమారుని కోసం దివిటీలు పట్టుకుని వెళ్ళిన పదిమంది కన్యకల కథలోనూ అదే మాట ఉంది. వస్తున్నవాడికి ఎదురువెళ్ళి ఇంటికి తోడ్కొని రావడం అని అర్థం చెబితే, తెలుగు పిల్లకు వేరే వ్యాఖ్యానం అక్కర్లేకపోయింది.

కానీ ఆ కథలో, దివిటీలకు నూనె వెంట తెచ్చుకోని అయిదుగురు, పెండ్లి ఇంటి తలుపు మూయబడి బయట ఉండిపోతారు. మా అమ్మాయి దాన్ని దాటనివ్వలేదు. నూనె ఉన్నవాళ్ళు కాస్త పంచుకోవచ్చు కదా అంది. నేను తడబడ్డాను. తలుపు మూయబడిందన్న మాటను చెరిపేసే హక్కు నాకు లేదు, అలాగని ఆ తలుపు బయట ఎవరున్నారో లెక్కపెట్టే హక్కూ లేదు. యేసు ఆ కథ చెప్పింది ఒలీవల కొండ మీద తన సొంత శిష్యులకు కాబట్టి, అది నన్ను మేలుకొని ఉండమనే మాటే గాని పక్కవారి గురించి తీర్పు కాదని మాత్రం చెప్పి, అదే అధ్యాయంలో తరువాతి భాగం చదివాను. నేను ఆకలిగొంటిని, మీరు నాకు భోజనమిచ్చితిరి, పరదేశినై యుంటిని, నన్ను చేర్చుకొంటిరి అని తీర్పు తీర్చే రాజుగా వచ్చిన ప్రభువు అంటే, ఆ నీతిమంతులు, ప్రభువా, నిన్ను ఎప్పుడు చూశాము అని ఆశ్చర్యపోతారు. పిల్ల పుస్తకం మీద నుంచి తలెత్తి, "వాళ్ళకే తెలియదన్నమాట" అంది. తరువాత చాలాసేపటికి, "నానమ్మ ఎవరినీ అన్నం పెట్టకుండా పంపదు" అంది. నేను అవుననీ కాదనీ అనలేదు. నా విశ్వాసంలో నేను ఇంకా మోకాళ్ళ మీద అడిగే ప్రశ్న అదే, దానికి నా నోటితో జవాబు పలికి దేవుని చోట కూర్చోలేను.

ఆ తరువాత ఒకరోజు, పరలోకంలో అందరూ ఇంగ్లీషే మాట్లాడతారా అని అడిగింది. ప్రకటన గ్రంథము ఏడో అధ్యాయంలో సింహాసనం ముందు నిలబడినవాళ్ళు ప్రతి జనంలోనుంచి, ఆయా భాషలు మాట్లాడేవారిలోనుంచి వచ్చినవారని చూపించాను. అయితే తెలుగు ఉంటుందన్నమాట అని, బైబిల్లో ఆఖరి పేజీ తీయించి, "ఆమేన్, ప్రభువైన యేసూ, రమ్ము" అన్న వాక్యాన్ని చూసి రాయడానికి కూర్చుంది. రమ్ములో మకారం కింద వత్తు మరిచిపోయింది. అత్తయ్య కళ్ళజోడు పెట్టుకుని, పక్కనే కూర్చుని, ఆమె చేయి పట్టుకుని ఆ వత్తు దిద్దించారు.