మూడు గులకరాళ్లు

"నాన్నా, ఆగు! మనం ఇటు నుంచి రాలే!" అని బిడ్డ నా చెయ్యి పట్టి వెనక్కి లాగింది.

ఖిలా వరంగల్‌లో నాలుగు దిక్కులా నాలుగు కీర్తి తోరణాలు, నాలుగూ ఒక్కలాగే ఉంటాయి. మధ్యలో కూలిన శివాలయం రాళ్లు. అక్కడ కూర్చునే బిడ్డ కథ అల్లింది. ఒక్కో తోరణం అవతల ఒక్కో ఓరుగల్లు ఉందట. ఒకదాంట్లో 1323లో కోట ఓడిపోలేదు, గుళ్లో గంట ఇంకా మోగుతోంది.

ఊపిరి బిగబట్టి దాటితే చాలు. కానీ వెళ్లిన తోరణం నుంచే తిరిగి రావాలి. తప్పితే ఇల్లు అదే, నాయనమ్మ అదే, "ఎవరు బిడ్డా నువ్వు?" అంటుంది. ఆ ఇంట్లో మనం పుట్టనే లేదు కదా.

గుర్తుకని కింద మూడు గులకరాళ్లు పెట్టింది. తిరిగొచ్చి చూస్తే రెండే ఉన్నాయి. దాని చెయ్యి చల్లబడిపోయింది.

ఏదో ఒక ఓరుగల్లులో మా బాపు ఇంకా ఉన్నాడేమో అని ఒక్క క్షణం ఆశ పుట్టింది. పోవాలంటే ఈ చిన్న చెయ్యి వదలాలి.

ఇంటికి రాగానే మా అమ్మ, "ఇంత పొద్దుపోయిందేంది, బువ్వ తిందురు రాండ్రి" అంది. బిడ్డ నా వైపు చూసి ఊపిరి వదిలింది. నేనూ.